గొంతూ ముఖమూ: ప్రొద్దుటూరి శాంతకుమారి

అభ్యుదయ సాహిత్యోద్యమం కవిత్వాన్ని గురించీ, కథను గురించీ, నవలను గురించీ చర్చించినంతగా సంగీతాన్ని గురించి చర్చించలేదు. బుర్రకథ సంగతి వేరు. దాన్ని ఉద్యమం తన చేతిలోకి తీసుకున్నది, వాడుకున్నది, దాన్ని గురించి రాసుకున్నది కూడా. కాని జీతానికి పాడే మనిషి, పూటకింత అని వయొలిన్ వాయించే మనిషి, స్టూడియోలో గొంతు అమ్ముకొని బతికే మనిషి మన విమర్శలో దాదాపు కనిపించరు. మగ్గం మీద కూచున్నవాడు శ్రామికుడని మనకు ఎవరూ నేర్పనక్కరలేదు. పాట పాడే ఆడమనిషి శ్రామికురాలని అంటే మాత్రం మనలోనే కొందరు చిన్నగా నవ్వుతారు. కళ కళకోసమే కాదని జీవితమంతా వాదించినవాళ్ళే, కళాకారిణి జీతం సంగతి వచ్చేసరికి అది అప్రస్తుతం అన్నట్టు మొహం పెడతారు.

నేను రాయదలచుకున్నది అటువంటి ఒక శ్రామికురాలిని గురించి. పేరు శాంతకుమారి. ఊరు ప్రొద్దుటూరు.

మా కడప జిల్లావాళ్ళకు సినిమా విషయంలో కొంత గర్వం ఉన్నది. అందుకు కారణమూ ఉన్నది. పులివెందుల ప్రాంతం నుంచి పోయిన బి. ఎన్. రెడ్డి 1951లో 'మల్లీశ్వరి' తీశాడు. ఆయన తమ్ముడు నాగిరెడ్డి విజయా సంస్థను నడిపి, వాహినీ స్టూడియోను కూడా చేతిలోకి తీసుకొని, దక్షిణ దేశపు సినిమా వ్యాపారంలో పెద్ద మనిషి అయినాడు. సింహాద్రిపురం నుంచి పోయిన పద్మనాభం హాస్యనటుడై, ఆ తర్వాత నిర్మాతయి, 1967లో విడుదలైన 'శ్రీశ్రీశ్రీ మర్యాద రామన్న'తో బాలసుబ్రహ్మణ్యాన్ని గాయకుడుగా పరిచయం చేశాడు. పులివెందులలో నేను ఉపాధ్యాయుడుగా ఉన్న రోజుల్లో ఈ కథలు నాకు నెలకొకసారైనా ఎవరో ఒకరు చెప్పేవారు. స్టూడియో ఎన్ని ఎకరాలు, సినిమాకు ఎన్ని లక్షలు, ఎవరికి ఎవరు బంధువు, ఇదంతా లెక్కగా చెప్పేవారు. ప్రొద్దుటూరులో పుట్టి, పదహారేళ్ళకే తెలుగు తెర మీద తన సొంత గొంతుతో పాడిన మనిషిని గురించి మాత్రం ఒక్కరూ ఎత్తేవారు కాదు. నేనే ఎత్తితే, "ఆమెనా? అమ్మ వేషాలామె" అని తేల్చేవారు. ఆస్తి సంపాదించినవాణ్ణి జ్ఞాపకం పెట్టుకోవడమూ, పనిచేసినవాళ్ళను మరిచిపోవడమూ మన సమాజానికి బాగా అలవాటైన పనులే. సినిమాకు మినహాయింపు ఎందుకుంటుంది?

ఆమె అసలు పేరు వెల్లాల సుబ్బమ్మ. 1920 మే 17న పుట్టింది. ఇంటిపేరులో ఉన్న ఆ వెల్లాల ప్రొద్దుటూరికి దగ్గర్లోనే, ఇప్పటి రాజుపాలెం మండలంలో ఉన్న పల్లె. సంజీవరాయుడి గుడి వల్ల చుట్టుపక్కల అందరికీ తెలుసు. తండ్రి శ్రీనివాసరావు నాటకాల్లో వేషం కట్టేవాడు. తల్లి పెద్దనరసమ్మ శాస్త్రీయ సంగీతం పాడేది.

రాయలసీమ అంటే కరువూ కక్షలూ తప్ప మరేమీ లేదనుకొనే కోస్తా మిత్రులు ఇక్కడ కొంచెం ఆగాలి. 1885లో వనారస గోవిందరావు మొదలుపెట్టిన నాటక సమాజానికి సురభి అనే పేరు వచ్చింది మా జిల్లా పల్లె నుంచే. ఆడవేషాలు ఆడవాళ్ళే వెయ్యడం ఆ సమాజంలో మామూలు. బళ్ళారిలో ధర్మవరం రామకృష్ణమాచార్యులు తన నాటకాల్లో పాటలు చొప్పించి, పద్యం ఒక్కటే గతి అనుకునే రంగస్థలానికి కొత్త అలవాటు చేశాడు. తండ్రి నటుడు, తల్లి గాయని అయిన ఇల్లు అంటే ఆ గాలి తగిలిన ఇల్లే. ఆ పిల్లకు సంగీతం దేవుడిచ్చిన వరం అని రాసేవాళ్ళతో నాకు పేచీ లేదు గాని, ఆ వరం వెనుక ఒక ప్రాంతపు నాటక చరిత్రా, ఒక తల్లి నేర్చుకున్న విద్యా ఉన్నాయని మరిచిపోకూడదు.

ప్రొద్దుటూరు డబ్బు తిరిగే ఊరు. బంగారం, పత్తి, వేరుశనగ నూనె, ఇవి దాని పేరు నిలబెట్టిన సరుకులు. సాహిత్యానికీ తక్కువ లేదు. దుర్భాక రాజశేఖర శతావధాని, గడియారం వేంకట శేషశాస్త్రి ఆ ఊళ్ళోనే కావ్యాలు రాశారు. పుట్టపర్తి నారాయణాచార్యులు 'శివతాండవం' రాసిందీ అక్కడే. కాని ఒక పిల్ల సంగీతాన్ని పూర్తిగా నేర్చుకొని దాని మీద బతకాలంటే ఆ ఊళ్ళో అప్పుడు దారి లేదు. ఎర్రగుంట్లలో రైలెక్కి మద్రాసు పోవలసిందే. రాజధాని మద్రాసు, విశ్వవిద్యాలయం మద్రాసు, సభలు మద్రాసు, గ్రామఫోను రికార్డులు మద్రాసు. మన పల్లెల ప్రతిభ అంతా ఒక్క పట్నానికి మూటకట్టి పంపించిన కాలమది.

మద్రాసులో ఆమెకు దొరికిన గురువు సామాన్యుడు కాదు. ఆచార్య పి. సాంబమూర్తి. 1901లో పుట్టి 1973లో పోయిన ఈ పండితుడు మన సంగీతాన్ని గురుముఖతః నేర్చే విద్యగా మాత్రమే గాక, పాఠ్యగ్రంథాలూ పరీక్షలూ ఉన్న శాస్త్రంగా నిలబెట్టడానికి పాటుపడ్డాడు. దక్షిణ భారత సంగీతం మీద సంపుటాలుగా ఆయన రాసిన గ్రంథం ఇప్పటికీ విద్యార్థుల చేతుల్లో ఉన్నది. కర్ణాటక సంగీతాన్ని కులగౌరవంగా కాక విద్యగా చూడటంలో ఆయన మనకు దగ్గరవాడని నా అభిప్రాయం. సుబ్బమ్మ ఆయన దగ్గర గాత్రమూ వయొలినూ రెండూ నేర్చుకున్నది. తోటి విద్యార్థినుల్లో ఒకామె డి. కె. పట్టమ్మాళ్; ఈమెకన్న ఏడాది పెద్ద. ఈ పేరు పాఠకులు గుర్తుంచుకోవాలి, మళ్ళీ వస్తుంది.

వయొలిన్ సంగతి నాకు ముఖ్యంగా కనిపిస్తుంది. గొంతు ఒక్కటే నేర్చినవాళ్ళకు స్వరం ఒంట్లో ఎక్కడో ఉంటుంది. వయొలిన్ నేర్చినవాళ్ళకు అది వేలి కింద ఉంటుంది. ఒక స్వరం నుంచి ఇంకొక స్వరానికి జారేటప్పుడు మధ్యలో ఎంత దూరం ఉన్నదో వేలు కొలిచి చెబుతుంది. ఆమె పాటలో ఆ కొలత వినిపిస్తుంది. ఎక్కడా గొంతు చించుకోదు, అక్కరలేని చోట గమకం వెయ్యదు. ఇది నా చెవి చెప్పే మాట, కాదనేవాళ్ళు ఉండవచ్చు.

పదిహేనేళ్ళకు ఆమె కచేరీలు చేస్తున్నది. పదహారేళ్ళకు మద్రాసులో విద్యోదయ పాఠశాలలో పిల్లలకు సంగీతం చెప్పింది. జీతం నెలకు రెండు రూపాయలు. ఆమె జీవితం రాసినవాళ్ళందరూ ఈ రెండు రూపాయల సంగతి చెబుతారు. చెప్పి, "అంత నిరాడంబరంగా ఆమె జీవితం మొదలైంది" అన్న ధోరణిలో ముందుకు పోతారు. నేను ముందుకు పోలేను. 1936లో రూపాయి విలువ ఇప్పటి రూపాయి విలువ కాదని నాకూ తెలుసు. అయినా, పెద్ద ఆచార్యుడి దగ్గర రెండు విద్యలు నేర్చి, కచేరీ చెయ్యగల మనిషికి నెలకు రెండు రూపాయలంటే అది జీతం కాదు, తాంబూలంలో పెట్టే దక్షిణ. సంగీతం ఆడపిల్లకు అలంకారం, దానికి మళ్ళీ ధర ఏమిటి అన్న భావం ఆ రెండు రూపాయల్లో ఉన్నది. పెళ్ళిచూపుల్లో రెండు కీర్తనలు పాడించే సమాజం, ఆ కీర్తనలు నేర్పిన పంతులమ్మకు కడుపు నిండే జీతం ఎందుకిస్తుంది?

అందుకే సినిమా. మన పెద్దలు అప్పుడు సినిమాలో చేరిన ఆడవాళ్ళను గురించి ఏమనేవారో, ఏమనలేదో ఇక్కడ చెప్పుకోనక్కరలేదు. పి. వి. దాసు 1936లో వేల్ పిక్చర్సు తరపున 'శశిరేఖా పరిణయం' తీస్తూ, పాట వచ్చిన అమ్మాయి కోసం చూసి ఈమెను శశిరేఖగా పెట్టాడు. సుబ్బమ్మ శాంతకుమారి అయింది. మరుసటి ఏడు పి. పుల్లయ్య దర్శకత్వంలో 'సారంగధర'. అదే ఏడు ఆయనతోనే వివాహం.

ఆ రోజుల్లో పాట ఎట్లా తీసేవారో ఇప్పటి విద్యార్థులకు చెప్పాలి. కెమేరా తిరుగుతూండగానే నటి పాడాలి. మైకు తెర మీద కనపడకుండా పైన వేలాడుతూంటుంది. హార్మోనియం, తబలా, ఫిడేలు వాళ్ళు కెమేరాకు అందనంత దూరంలో, సెట్టులో చెట్టు ఉంటే చెట్టు వెనక, కూచొని వాయిస్తారు. నటి మొహం పక్కకు తిప్పితే గొంతు మైకుకు అందదు. మైకు వైపు చూస్తే దర్శకుడు ఒప్పుకోడు. చివరి చరణంలో తబలావాడు తప్పితే పాట మొదటికి వస్తుంది. ఇటువంటి పనిలో సంగీతం రానివాళ్ళు నిలవలేరు. 1932లో 'భక్త ప్రహ్లాద' వచ్చినప్పటి నుంచి సుమారు పది పన్నెండేళ్ళు తెలుగు సినిమాలో నటికి మొదటి అర్హత గొంతు, ఆ తర్వాతనే ముఖం. ప్రపంచ సినిమా చరిత్రలో సంగీతజ్ఞుల చేతిలో బేరమాడే శక్తి ఇంతగా ఉన్న కాలం తక్కువ. ఆ కాలంలోనే మద్రాసులో సుబ్బులక్ష్మి తెరకెక్కింది, మన నాగయ్య నాయకుడయినాడు, భానుమతి వచ్చింది. శాంతకుమారి 1939లో పుల్లయ్య తీసిన మొదటి 'వెంకటేశ్వర మాహాత్మ్యం'లో సి. యస్. ఆర్. వెంకటేశ్వరుడుగా ఉండగా పద్మావతి అయింది. 1941లో 'ధర్మపత్ని', 1943లో 'కృష్ణప్రేమ'. అంటే పదహారు నుంచి ఇరవై మూడేళ్ళ దాకా ఆమె గొంతూ ముఖమూ ఒక్క మనిషివే.

1943లో రెండు సంగతులు జరిగాయి. ఒకటి, తెనాలిలో అభ్యుదయ రచయితల సంఘం పుట్టింది. రెండోది మనవాళ్ళెవరూ పట్టించుకోలేదు: నాగయ్య నిర్మాతగా 'భాగ్యలక్ష్మి' వచ్చింది. అందులో కమలా కోట్నీస్ అనే నటికి ఆర్. బాలసరస్వతీదేవి పాడింది. తెలుగులో నేపథ్య గానానికి మొదలు అదేనని చెబుతారు. ఆ చిత్రానికి దర్శకుడు పి. పుల్లయ్య. శాంతకుమారి బతుకును మార్చబోయే యంత్రం ఆమె సొంత ఇంటిమనిషి చేతుల మీదుగా వచ్చింది. పుల్లయ్యను నేను నిందించడం లేదు. యంత్రం ఆయన కాకపోతే ఇంకొకరి చేతుల మీదుగా వచ్చేది.

నేపథ్య గానం వచ్చిందని కన్నీళ్ళు కార్చేవాణ్ణి కాను. ముందే పాట రికార్డు చేసుకొని, తర్వాత నటి పెదవులాడించడం వల్ల పాట బాగుపడింది. గొంతు బాగుండి ముఖం కెమేరాకు పనికిరాని మనిషికి, తెర మీదికి రావడం ఇష్టంలేని మనిషికి, కొత్త జీవనోపాధి దొరికింది. లీల, జిక్కి, సుశీల, ఘంటసాల లేకుండా మన బాల్యం ఎట్లా ఉండేదో ఊహించుకోలేము. ఆ మాట ఒప్పుకున్న తర్వాతే ఇంకొక మాట అనాలి. ఒక మనిషి చేసే పనిని రెండు ముక్కలు చేసి, ఇద్దరి దగ్గర విడివిడిగా కొనుక్కోవడం పెట్టుబడి మొదటి నుంచీ చేస్తున్న పనే. చేనేతవాణ్ణి వడికేవాడుగా, నేసేవాడుగా, అద్దేవాడుగా విడదీసినట్టే, పాడే నటిని గొంతుగా, ముఖంగా విడదీశారు. విడదీసిన తర్వాత గొంతుకు పేరు లేదు. 1949లో వచ్చిన హిందీ 'మహల్' పాట రికార్డు మీద పాడిన లతా మంగేష్కర్ పేరు వెయ్యలేదు, సినిమాలోని పాత్ర పేరు కామిని అని వేశారు. అమెరికాలో మార్నీ నిక్సన్ అనే ఆమె 1956లో డెబొరా కెర్‌కు, 1961లో నటలీ వుడ్‌కు, 1964లో ఆడ్రీ హెప్‌బర్న్‌కు పాడింది. ఆ సినిమాల టైటిళ్ళలో ఆమె పేరు లేదు. ఇది అందరికీ తెలిసిన అన్యాయమే. ముఖానికి జరిగిన రెండో అన్యాయాన్ని గురించి మాత్రం తక్కువగా మాట్లాడుకున్నాము. గొంతు అక్కరలేకపోయిన తర్వాత నటికి మిగిలిన అర్హత ముఖం ఒక్కటే. ముఖానికి వయసు వస్తుంది. ఇరవై ఏళ్ళు సాధన చేసిన గొంతు ముప్పై ఏళ్ళకు బాగుపడుతుంది. ముప్పై ఏళ్ళ ముఖాన్ని సినిమా పరిశ్రమ తల్లి పాత్రకు పంపుతుంది.

1945లో గూడవల్లి రామబ్రహ్మం 'మాయాలోకం'లో శాంతకుమారీ, నాగేశ్వరరావూ కలిసి నటించారు. (మా సింహాద్రిపురం పద్మనాభం తొలిసారి తెరమీద కనపడ్డదీ ఆ సినిమాలోనే. ఒకే జిల్లా నుంచి వచ్చిన ఒక గాయనీ, పద్యాలు పాడి పొట్టపోసుకుందామని వచ్చిన ఒక కుర్రవాడూ!) సరిగ్గా పదేళ్ళకు, 1955లో, పుల్లయ్య తీసిన 'అర్ధాంగి'లో ఆమె అదే నాగేశ్వరరావుకు సవతి తల్లి. ఆయన ఆమెకన్న మూడు నాలుగేళ్ళే చిన్న. సవతి తల్లిగా ఆమె నటన చాలా గొప్పది. కళ్ళతో అధికారం చలాయించే ఆ జమీందారిణి, కన్నబిడ్డ మీది మమకారంతో సవతి బిడ్డను అణిచివేసి, చివరికి ఆ మమకారపు ఫలితమే తిన్న స్త్రీ, మన సినిమాలో భూస్వామ్య కుటుంబాన్ని చూపిన బలమైన పాత్రల్లో ఒకటి. నటిగా ఆమె ఓడిపోయిందని ఎవరూ అనలేరు. సంగీతకారిణిగా ఆమెకు పని లేకుండాపోయిందనేదే నేను చెప్పేది. పాడటం అప్పుడొకటి అప్పుడొకటి అయిపోయింది.

భానుమతి మాటేమిటి అని పాఠకులు అడగవచ్చు. నిజమే. భానుమతి చివరి దాకా తన పాట తానే పాడుకున్నది. నాకు ఇంకొకరి గొంతు పెట్టడానికి వీల్లేదు అనగలిగింది. భరణీ సంస్థ, స్టూడియో ఆమె కుటుంబానివి అన్నది ఒక కారణం. కాని అది పూర్తి కారణం కాదు. శాంతకుమారి, పుల్లయ్య దంపతులకూ సొంత నిర్మాణ సంస్థలున్నాయి. ఉత్పత్తి సాధనాలు చేతిలో ఉన్నంత మాత్రాన మనిషి తన హక్కును అడుగుతుందని లేదు; అడగవలసిన హక్కు ఉన్నదని ముందు తోచాలి. భానుమతిలో ఉన్న పొగరు, ఆ మంచి పొగరు, శాంతకుమారిలో లేదు. భర్త దర్శకుడు, తాను నటి, తన గొంతు తన చిత్రంలో ఎంత వినిపించాలనేది బహుశా ఆ ఇంట్లో ఒక సమస్యగానే పుట్టి ఉండదు. ఇల్లాలితనాన్ని పొగిడే సినిమాలు తీసిన ఇంట్లో ఇల్లాలి సంగీతం వెనక్కు పోయిందనడం కటువైన మాటే. అయినా దాన్ని వెనక్కు తీసుకోలేను.

ఇక 1960. పుల్లయ్య 'శ్రీ వెంకటేశ్వర మాహాత్మ్యం' మళ్ళీ తీశాడు. ఇరవై ఒక్క ఏళ్ళకు ముందు పద్మావతిగా ఉన్న శాంతకుమారి ఇప్పుడు వకుళాదేవి, అంటే శ్రీనివాసుడి పెంపుడు తల్లి. శ్రీనివాసుడు రామారావు. సినిమా విడుదలనాటికి తల్లికి 39 ఏళ్ళు, కొడుక్కు 36 ఏళ్ళు. పద్మావతి సావిత్రి, పాడేది సుశీల.

నేను ఆ సినిమా మొదటిసారి చూసింది జమ్మలమడుగులో, టూరింగ్ టాకీసు డేరాలో, అది వచ్చి మూడు నాలుగేళ్ళయిన తర్వాత. అప్పుడు నాకు పన్నెండేళ్ళు. ప్రొద్దుటూరి నుంచి వచ్చిన మా అవ్వ పక్కన నేల టికెట్టులో ఇసుక మీద కూచొన్నాను. రీలు మధ్యలో తెగింది, ఈలలు వేశారు, మళ్ళీ అతికించారు. కృష్ణుడి కోసం ముసలి కళ్ళు కాయలు కాసేలా ఎదురుచూసే వకుళ పాట వచ్చినప్పుడు డేరా అంతా నిశ్శబ్దమైంది. మా అవ్వ ఏడుస్తుందేమో అనుకున్నాను. ఆమె ఏడవలేదు. నా చెవిలో, "పాడతాండేది ఆ యమ్మేరా నాయనా. వేరేవాళ్ళు గాదు. మన ప్రొద్దుటూరామె. సన్నప్పుడు ఫిడేలు గూడా నేర్సిందంట" అన్నది. ఆ "వేరేవాళ్ళు గాదు" అన్న మాటలో ఉన్న పట్టుదల నాకు అప్పుడు అర్థం కాలేదు. అవ్వకు చదువు రాదు. నేపథ్య గానం అనే మాట ఆమెకు తెలియదు. కాని తెర మీద ఆడేవాళ్ళు ఒకరు, పాడేవాళ్ళు ఒకరని ఆమెకు తెలుసు, ఇక్కడ మాత్రం అట్లా కాదని కూడా తెలుసు.

తర్వాత ఆ సినిమాను చాలాసార్లు చూశాను. భక్తి కోసం కాదు. తెలుగు సినిమాలో పాట అనే పని ఎన్ని రకాలుగా చీలిందో చూపడానికి అంతకన్న మంచి ఉదాహరణ నాకు దొరకలేదు. రామారావు నోట ఘంటసాల, సావిత్రి నోట సుశీల. ఇది కొత్త పద్ధతి. లక్ష్మి పాత్రలో ఎస్. వరలక్ష్మి ఉన్నది, తన పాట తానే పాడుకోవడం అలవాటైన పాత తరపు మనిషి. వకుళగా శాంతకుమారి, తన సొంత గొంతుతో. ఇవన్నీ గాక, తిరుమల గుడిలో పాడే భక్తుడుగా ఘంటసాల స్వయంగా తెర మీదికి వస్తాడు. ఎన్నో సినిమాల్లో ఎవరెవరి ముఖాలకో గొంతు ఇచ్చిన మనిషికి ఒక్క పాట సేపు తన ముఖం తనకు తిరిగి వచ్చింది. సంగీతం పెండ్యాలది, మాటలు ఆత్రేయవి. పౌరాణికాన్ని మనం పౌరాణికమని తీసి పక్కన పడేస్తాము. కాని అందులో ఒక పరిశ్రమ తన చరిత్రను తెలియకుండానే నమోదు చేసిపెట్టింది.

వకుళ పాటలో ఆమె శ్రుతి ఎక్కువ పెంచదు. వయసు మీద పడిన తల్లి పాత్ర గనుక అట్లా పాడిందని అనుకోవచ్చు. ఇరవై ఏళ్ళ పాటు అప్పుడప్పుడే పని దొరికిన గొంతు తన బలం తెలుసుకొని పాడిందని కూడా అనుకోవచ్చు. అక్షరం మీద అక్షరం పెట్టి, ఎక్కడ ఊపిరి తీసుకున్నదో తెలియకుండా, ఒక్కొక్క పిలుపును కొంచెం కొంచెం వేరుగా దించుతుంది. పక్కన వాయించే ఫిడేలుతో ఆమె గొంతు పోటీపడదు, దాని భాష తెలిసిన మనిషిలాగా దానికి చోటిస్తుంది. సాంబమూర్తి గారి తరగతి గది ఆ నాలుగు నిమిషాల్లో ఉన్నది.

ఒక మిత్రుడు, మంచి కార్యకర్త, నన్ను నిలదీశాడు. "ఆమె ప్రజానాట్యమండలిలో పాడలేదు. ఆమె సినిమాలు పాతివ్రత్యాన్నీ, భక్తినీ బోధించాయి. మన పత్రికలో ఆమెకు చోటెందుకు?" అన్నాడు. ఈ ప్రశ్న తేలికైనది కాదు. ఆమె సినిమాల భావజాలం గురించి ఆయన చెప్పింది నిజం. నా సమాధానం ఒక్కటే: నూనె మిల్లులో పనిచేసే మనిషి తిసే నూనె ఎవరి దీపంలో వెలుగుతుందని అడిగి, దాన్నిబట్టి అతని కూలి న్యాయమా కాదా అని మనం నిర్ణయించం. పాడిన పాట ఎవరిని పొగిడింది అనేది ఒక విమర్శ. పాడిన మనిషికి ఏమి జరిగింది అనేది ఇంకొక విమర్శ. మొదటిది చేసి రెండోది మానేయడం మనకు అలవాటైపోయింది. పైగా, ఆమె నటించిన 1959 నాటి 'జయభేరి'ని చూడండి. పండిత సంగీతం నేర్చిన యువకుడు ఊరూరా ఆడిపాడే అమ్మాయిని పెళ్ళాడితే కులం అతన్ని వెలివేస్తుంది. సంగీతానికి కులం కట్టవద్దని వాదించే ఆ కథ మన సినిమాలో తరచు వచ్చేది కాదు. దాని ముగింపుతో నాకు కొన్ని అభ్యంతరాలున్నాయి గాని, అవి వేరే వ్యాసం.

ఇప్పుడు పట్టమ్మాళ్. ఒకే గురువు దగ్గర నేర్చిన ఇద్దరిలో ఆమె కచేరీ వేదికను పట్టుకున్నది. సినిమాకూ పాడింది, 1939 నాటి 'త్యాగభూమి'లో ఆమె గొంతు వినిపిస్తుంది, ముఖం కనిపించదు. శృంగార గీతాలు పాడనని షరతు పెట్టుకొని, తెర వెనుకే నిలిచింది. మగవాళ్ళదే అనుకొన్న రాగం తానం పల్లవిని సభలో పాడి ఒప్పించింది. 1970లో సంగీత కళానిధి అయింది. 2009లో పోయేదాకా ఆమె సంగీతకారిణే. శాంతకుమారికి రఘుపతి వెంకయ్య పురస్కారం వచ్చింది, సినిమాకు చేసిన సేవకు. 2006 జనవరి 16న ఆమె పోయినప్పుడు పత్రికలు 'అలనాటి నటి' అని రాశాయి. కొన్ని పత్రికలు "గాయని కూడా" అన్నాయి. ఆ 'కూడా' అన్న మాట నాకు గుచ్చుకున్నది.

అయితే కచేరీ దారి పవిత్రమైనదనీ, సినిమా దారి పతనమనీ ఈ పోలిక నుంచి ఎవరైనా తీస్తే నేను ఒప్పుకోను. సభల మద్రాసులో ఎవరికి వేదిక దొరికేదో, ఎవరికి దొరికేది కాదో, కులమూ ఇల్లూ పలుకుబడీ ఎంత పనిచేసేవో తెలిసినదే. నెలకు రెండు రూపాయలకు పాఠం చెప్పే పిల్ల సభల పిలుపు కోసం ఎన్నేళ్ళు కూచోగలదు? సినిమా ఆమెకు అన్నం పెట్టింది, పేరిచ్చింది, ఇల్లిచ్చింది. సంగీతం ఒక్కటి ఇవ్వలేదు.

పులివెందులలో ఒకసారి, 1980లలో, కాసెట్టు రికార్డరు తరగతికి తీసుకుపోయి ఆ వకుళ పాట వినిపించాను. ఆ రోజు పాఠం శ్రమ విలువను గురించి. పాట అయిన తర్వాత ఎవరు పాడారో చెప్పమన్నాను. ముగ్గురు సుశీల అన్నారు, ఒకడు లీల అన్నాడు. శాంతకుమారి అని చెప్పి, ఆమె ప్రొద్దుటూరి మనిషి అని చెప్పి, విద్యోదయ పాఠశాల సంగతి, రెండు రూపాయల సంగతి చెప్పాను. వెనక బల్ల మీది అమ్మాయి లేచి, "రెండు రూపాయలు దినానికా సార్, నెలకా?" అని అడిగింది. నెలకు అన్నాను. ఆ పిల్ల తల్లి శెనక్కాయలు వొలిచే కూలికి పోయేది. పిల్ల వేళ్ళ మీద ఏదో లెక్క వేసుకొని, పక్కనున్న పిల్లతో మెల్లగా, "అయితే మాయమ్మకే మేలు" అన్నది.